ఎండకు పోయే మరక

సబ్బు తగిలి చీర మీది పసుపు మరక ఎర్రగా తేలేసరికి నల్లాలో నీళ్ళు ఆగిపోయాయి. పల్లవి నల్లాను ఇటూ అటూ తిప్పి చూసింది. లోపల ఎక్కడో గాలి గురగురమని ఊరుకుంది. బకెట్టు అడుగున మిగిలిన నీళ్ళలో చీరను ఒక్కసారి ముంచి, పిండి, దండెం మీద వేసింది. నిన్న సాయంత్రమంతా తడి గోనెసంచి మీద కూర్చుని, చేను నుంచి తవ్వుకొచ్చిన పసుపులో తల్లి దుంపలను ఒక పక్కకు, కొమ్ములను ఒక పక్కకు విడదీసింది. ఆ సంచి పసుపే చీర వెనక భాగానికి అంటింది. పసుపు సబ్బుకు ఎర్రబడుతుందని, బాగా జాడిస్తే మళ్ళీ పసుపే అవుతుందని బట్టలు ఉతికే ఆడవాళ్ళందరికీ తెలుసు.

అత్త సులోచనకూ తెలుసు. కానీ నెలనెలా కోడలి చీరల వైపే చూస్తూ గడిపే మనిషికి ఎరుపు కనిపిస్తే ఇంకేదీ గుర్తుకు రాదు. ఖాళీ గంప చంకన పెట్టుకుని పెరట్లోకి వచ్చిన ఆమె దండెం దగ్గర ఆగిపోయింది.

"ఏంది పిల్లా, బయట కూసున్నవా?"

పల్లవి నోరు తెరిచింది. అంతలోనే అత్త అందుకుంది.

"గియ్యాల్నే రావాల్నా గది? కడాయి కింద మంట పెట్టినంక?" సులోచన గంప కింద పడేసి గడప మీద కూలబడింది. కోపం కంటే నీరసమే ఎక్కువగా కనిపించింది ఆ మొహంలో. "ఈ నెల గూడ లేదన్నట్టేనా? సరేతీ. పో, కొట్టం వసారల కూసో. పసుపు ఉడికేదాంక అటు దిక్కు రాకు. మూడొద్దులు పడ్తది."

మామూలు రోజుల్లో ఇవన్నీ అంతగా పట్టించుకోని మనిషే. పసుపు ఉడకబెట్టేటప్పుడు మాత్రం అత్తగారి అత్తగారు ఎప్పుడో చెప్పిన మాటలన్నీ లేచి వస్తాయి. ముట్టు మనిషి నీడ పడితే పసుపు రంగు చెడుతుందట.

అది పసుపు మరక అత్తమ్మా. ఇంత చిన్న మాట. నోటితో చెప్పకపోయినా, పక్కనే నిమ్మచెట్టు ఉంది. ఒక్క కాయ కోసి మరక మీద పిండితే అందరి ముందూ పసుపుపచ్చగా మారిపోతుంది. అత్త లోపలికి వెళ్ళాక పల్లవి నిజంగానే ఒక కాయ తెంపింది. గోరు గుచ్చితే రసం వేలి మీదికి వచ్చింది. కాసేపు వాసన చూసింది. తర్వాత ఆ కాయను కొంగులో ముడివేసుకుని, చాప తీసుకుని, కొట్టం వైపు నడిచింది.

తెల్లవారి లేచినప్పటి నుంచీ ఆమెను వేధిస్తున్నది ఒకటే ఆలోచన. కుప్ప దగ్గర నుంచి కడాయి దాకా పచ్చి పసుపు గంపలు మోయకుండా తప్పించుకోవడం ఎలా? పోయిన వారం గాజులు కొనుక్కొస్తానని చెప్పి బస్సెక్కి జనగామ దవాఖానకు వెళ్ళివచ్చింది. డాక్టరమ్మ కాగితం చూసి నవ్వింది. మునుపటి సంగతి విని నవ్వు ఆపింది. "రెండు పోయినయి కాబట్టి బరువులు అస్సలు ఎత్తద్దమ్మా. ఇంటోళ్ళకు చెప్పు, వాళ్ళే చూస్కుంటరు." చెప్తానని తలూపి, మరిచిపోకుండా గాజులు కొనుక్కుని ఇల్లు చేరింది. చెప్పలేదు.

మొదటిసారి చెప్పింది. భర్త ఉపేందర్ ఆ సంతోషాన్ని పట్టుకోలేక హోటల్ దగ్గర అందరికీ చాయ్ తాగించాడు. పొద్దుగూకేసరికి ఆమె కడుపు ఊరందరిదీ అయింది. మూడో నెలలో అది జారిపోయినప్పుడు కూడా ఊరందరిదే. వరసగా వచ్చి మంచం చుట్టూ కూర్చున్నారు. ఏం తిన్నవు, ఎక్కడ దుంకినవు, ఏ గట్టు దాటినవు? రెండోసారీ అంతే. "పొట్టల నిలుస్తలేదు పిల్లకు" అని అత్త ఫోన్‌లో చుట్టాలకు చెబుతుంటే, పల్లవికి తన కడుపు గండి పడిన చెరువులాగా అనిపించింది. "నువ్వు జర పైలంగ ఉంటే గిట్ల కాకపోవు" అన్నాడు ఉపేందర్, అన్నం కలుపుకుంటూ. అత్త మాత్రం ఒక్కసారి, ఎవరూ వినడం లేదనుకుని, పొయ్యి ముందు కూర్చుని "నా నోరే తగిలింది" అని గొణుక్కుంది. ఇంతమంది ఇన్ని మాటలన్నారు కానీ, నీకెట్లున్నదే అని ఒక్కరూ అడగలేదు. ఏడవాలన్నా జాగా లేకపోయింది. అందరూ తన కంటే ముందే ఏడ్చేశారు.

అందుకే ఈసారి ఇది తన ఒక్కదానికే తెలిసి ఉండాలనుకుంది. నిలిస్తే తన నోటితో చెబుతుంది. పోతే తనే ఏడుస్తుంది.

కొట్టం వసారాలో బర్రెల వాసన, ఎండ. అవతలి పక్కన మామ మంట ఎగదోస్తున్నాడు. ఉడుకుతున్న పసుపు ఆవిరి గోడ దాటి వస్తోంది. ఎదురుగా, స్నానాల నీళ్ళు పారే చోట, పల్లవి సొంత పసుపు మడి ఉంది. పెళ్ళయి వచ్చేటప్పుడు పెద్దవంగరలో అమ్మ తడిగుడ్డలో చుట్టి ఇచ్చిన నాలుగు కొమ్ములు నాటింది. చేను పసుపు అత్తమామలది. ఇది మాత్రం తనది. ఇప్పుడు ఆకులన్నీ ఎండి నేలకు అతుక్కుపోయి ఉన్నాయి. చూసేవాళ్ళకు అక్కడ ఏమీ లేదు.

పోయిన వానాకాలం ఈ ఆకులకు మచ్చలు వస్తే ఏం చల్లాలో ఫోన్‌లో వెతికింది. అప్పుడు ఒక వీడియో వచ్చింది. హవాయి దీవులట. చుట్టూ సముద్రం. నెరిసిన జుట్టున్న ఒకామె తన పెరట్లో పసుపు తవ్వుతోంది. ఇదే ఆకు, ఇదే దుంప. దాన్ని వాళ్ళు ఒలేనా అంటారట. ఇంటర్ దాకా చదివిన ఇంగ్లీషుతో సగం అర్థమైంది. మిగతా సగం ఆమె చేతులు చెప్పాయి. దంచి, గుడ్డలో కట్టి, చెవిపోటు ఉన్నవాళ్ళ చెవిలో చుక్క పిండుతారట. చెట్టు బెరడుతో చేసిన బట్టకు రంగు అద్దుతారట. ఉప్పునీళ్ళలో కలిపి మనుషుల మీద, ఇళ్ళ మీద చల్లితే మైల పోతుందట. మొట్టమొదట ఆ దీవులకు పడవల్లో వచ్చినవాళ్ళు వెంట తెచ్చుకున్న కొద్ది మొక్కల్లో ఇదొకటట. అంత సముద్రం మీద, తాగే నీళ్ళే కరువైన చోట, ఈ దుంపను తడిపి కాపాడింది ఎవరో. అమ్మ చేతి తడిగుడ్డ గుర్తొచ్చి పల్లవి ఆ వీడియోను మళ్ళీ మళ్ళీ చూసింది. ఇంకో మాట కూడా చెప్పింది ఆ పెద్దావిడ. పూర్వం అక్కడా ముట్టు రోజుల్లో ఆడవాళ్ళు వేరే గుడిసెలో ఉండేవారట. అంత దూరంలో కూడానా అని అప్పుడు నవ్వొచ్చింది. ఇప్పుడు నవ్వు రాలేదు. ఆ గుడిసెలో కూర్చున్న వాళ్ళందరూ నిజంగా కూర్చోవలసిన వాళ్ళేనా? పని నుంచో, మనుషుల నుంచో కాసేపు తప్పుకోవడానికి వచ్చిన వాళ్ళు ఒక్కరైనా ఉండి ఉండరా? అడగడానికి వాళ్ళెవరూ లేరు.

ఫోన్ మోగింది. ఉపేందర్. భూపాలపల్లి గనుల దగ్గర పని. వారానికోసారి వస్తాడు.

"అమ్మ చెప్పింది. మళ్ళ అయిందంట గద?"

తన ఒంటి సంగతి అరవై మైళ్ళ అవతలి నుంచి తనకే తెలియడం వింతగా అనిపించింది.

"ఊ" అంది.

"పరేషాన్ కాకు. వచ్చే నెల చూద్దాం. పసుపు ఎన్ని బస్తాలైతయంటున్నడు నాయిన?"

"నేను అటు పోలేదు."

"అవును గద" అని పెట్టేశాడు.

మధ్యాహ్నం కూలికి వచ్చిన అండాలు చెంబుతో మంచినీళ్ళు తెచ్చింది. చేతులు మోచేతుల దాకా పసుపు. "పుణ్యం చేసుకున్నవమ్మా, మంచిగ సెలవు దొరికింది. మాకు గా సెలవు సుత లేదాయె." అటూ ఇటూ చూసి, చెవి దగ్గరికి వంగి గుసగుసలాడింది. "నేను నిన్నటి సంది బయటనే ఉన్న. ఎవలకన్న చెప్పిన్నా? చెప్తే కూలి పోతది. ఆ కడాయిల పసుపంత నా చెయ్యి మీదనే పడ్డది. పోయి సూడు, బంగారమోలె ఉన్నది!"

పల్లవికి నవ్వు ఆగలేదు. అండాలూ నోటికి కొంగు అడ్డం పెట్టుకుని నవ్వింది. "గంత గట్టిగ నవ్వకు, మీ అత్త వింటది" అంటూ వెళ్ళిపోయింది. ఆమె వెళ్ళాక కొట్టం మరీ ఖాళీగా అయింది. నా దగ్గర కూడా ఒక మాట ఉంది అని అండాలుతో అనబోయి ఆగిపోయింది పల్లవి. మాట దాచుకోవడం అంటే ఇంత ఒంటరిగా ఉంటుందని ఆమె అనుకోలేదు. పొట్ట మీద చెయ్యి వేసుకోవాలన్నా ఎవరైనా చూస్తారేమోనని వేసుకోలేదు.

చిల్పూర్ గుట్ట మీదికి పొద్దు వాలింది. చీకటి పడితే దండెం మీద బట్టలు ఉండకూడదని సులోచన కట్టె పట్టుకుని వచ్చింది. ముట్టు చీర కాబట్టి చేత్తో తాకకుండా కట్టెతో ఎత్తింది. ఎత్తి, ఆగింది.

మరక లేదు.

పొద్దంతా కాసిన ఎండ దాన్ని తాగేసింది. నెత్తురు మరకను ఏ ఎండా అలా తీసుకుపోదు. ముప్పై ఏళ్ళుగా పసుపుతో బతికిన మనిషికి ఆ సంగతి ఇంకొకరు చెప్పనవసరం లేదు. సులోచన కట్టెను గోడకు ఆనించింది. చీరను చేతిలోకి తీసుకుని, మరక ఉండిన చోటును వేళ్ళ మధ్య నలిపి చూసింది. తల తిప్పి పల్లవి మొహం చూసింది. తర్వాత చూపు ఆమె పొట్ట మీదికి దిగింది. పల్లవి లేచి నిలబడింది. కొంగు ముడిలోని నిమ్మకాయను గట్టిగా పట్టుకుంది.

"అక్కా!" కడాయి దగ్గర నుంచి అండాలు కేకేసింది. "రేపు గంపలకు ఒక మనిషి తక్కువ పడ్తున్నది. కోడలు పిల్లను రమ్మనరాదు, ఒక్కపూట! ఏం కాదు తియ్యి!"

సులోచన కడాయి వైపు తిరిగింది.

"అది బయట ఉన్నది" అని గట్టిగా అరిచింది. "మూడొద్దులు రాదు!"

బట్టలుతికే బండ మీద పొద్దుటి సబ్బుముక్క అలాగే ఉంది. సులోచన పసుపు పట్టిన బొటనవేలితో చీర మీద అదే చోట గట్టిగా రుద్దింది. నీళ్ళు చిలకరించి, సబ్బుముక్కతో దాని మీద గీసింది. ఎరుపు మెల్లగా పైకి తేలింది. ఆమె ఆ చీరను మళ్ళీ దండెం మీద పరిచింది. మరక దారి వైపు, అందరికీ కనపడేలా.

"చీకట్ల ఉంటే ఏం కాదు, ఉండనియ్యి" అంది, కోడలి వైపు చూడకుండానే. "నువ్వు నోరు తెరిచేదాంక నాకు సుత తెల్వదు."