వ్యాన్ల వెనక మాటలు

తడి రంగు మీద వాలిన దుమ్మును బెడియాకో చిటికెన వేలి గోటితో ఒక్కొక్క రేణువే ఎత్తి పారేస్తున్నాడు. ఎత్తినచోటే మరొకటి వాలుతోంది. ఉత్తరాన ఎడారి నుంచి పొడిగాలి మొదలైతే రెండు నెలలపాటు కుమాసి ఊరంతా పిండి జల్లినట్టు అవుతుంది. సరిగ్గా ఆ రెండు నెలల్లోనే డ్రైవర్లందరికీ కొత్త రంగులు కావాలి. మిగతా పదినెలలూ వీళ్లకేం రోగమో అతనికి నలభై ఏళ్లుగా అర్థం కాలేదు.

రాస్తున్న వ్యాను డ్రైవరు వెనకే నిలబడి, అమ్మ పేరుతోపాటు పెళ్లాం పేరు కూడా ఇరికించమంటున్నాడు. పొద్దుట్నుంచి ఇది నాలుగో మార్పు.

"నీ అద్దం జానెడు, నీ కబురు బారెడు. ఇద్దర్లో ఎవరో తేల్చుకుని రా, అప్పుడు రాస్తాను" అన్నాడు బెడియాకో, వెనక్కి తిరగకుండానే.

అరవై మూడేళ్ల మనిషి. ఎత్తులో రాసి రాసి కుడి భుజం ఎడమదానికన్నా రెండు వేళ్లు పైకి నిలిచిపోయింది. గోళ్ల చుట్టూ ఏ సబ్బుకూ లొంగని నీలం. కళ్లద్దాల కాడ విరిగినచోట సైకిల్ ట్యూబు ముక్క చుట్టి ఉంటుంది. చెమట పట్టినప్పుడు కళ్లద్దాలు జారతాయి, అతను విసుక్కుంటూ మోచేత్తో పైకి తోస్తాడు, కనుబొమ్మకు రంగు అంటుతుంది. సాయంత్రం ఇంటికి వెళ్లేసరికి ఏ రంగు పని చేశాడో భార్య పొకువా అతని కనుబొమ్మ చూసి చెప్పేది.

వ్యాన్లు ఆగే ఆ లారీ స్టేషన్లో అందరూ అతన్ని మాస్టారనే పిలుస్తారు. డ్రైవర్లు అతని దగ్గరికి వ్యాను వెనక రాయించుకునే మాట కోసం వచ్చేవారు కాదు, ఏడుపుతో వచ్చేవారు. ఇంటి యజమాని నీళ్లు ఆపేశాడని ఒకడు చెప్పుకుంటే, బెడియాకో విసుగ్గా విని, సుద్దముక్కతో గీత గీసి, "బావికి తాళం వేస్తావు, వానకి?" అని రాసిచ్చాడు. మలుపు మలుపుకీ ఆపే పోలీసు గురించి ఇంకొకడు చెబితే, "ఈల నీది, దారి అందరిది" అని రాశాడు. పీటే సింహాసనంగా కూర్చునే ఊరిపెద్ద తన కోకో తోట లాక్కున్నాడన్న ముసలాయన కొడుకు వ్యానుకి, "రాజుగారి పీటైనా ఒకప్పుడు చెట్టే" అని రాశాడు. అవి ఎవరి మాటలని ఎవరూ అడగలేదు. తాతలనాటి సామెతలనుకున్నారు. ఒకసారి రేడియోలో పెద్ద చదువు చదివిన ఆయనెవరో ఆ పీట మాట మూడొందల ఏళ్లనాటిదని చెప్పాడు. పోయిన ఏడాది ఆగస్టులో రాశానని బెడియాకో గొణుక్కున్నాడు, అదీ రేడియో కట్టేశాక.

నోరు అంతవరకే. రోడ్డు వెడల్పు చేసేవాళ్లు అతని పాకను రెండుసార్లు పీకేశారు. రెండోసారి వాళ్లకు శ్రమ ఎందుకని మేకులు తనే ఊడదీసి ఇచ్చాడు. చర్చిలో తల ఊపేవాడు, యూనియన్ మీటింగులో చెయ్యి ఎత్తమంటే ఎత్తేవాడు. పోరుకు వచ్చినవాడని అతని పేరుకు అర్థం. ఆ పేరు పెట్టినవాళ్లు ఎవరిని చూసి పెట్టారోనని పొకువా నవ్వేది. "నీ మాటలన్నీ బండెక్కి పోతాయి. ఇంటికొచ్చేసరికి నీ దగ్గర ఒక్కటీ మిగలదు" అని కూడా అనేది. అతనికి కోపం వచ్చేది కాదు. నిజమే కదా అనుకునేవాడు.

ఎండ ఎక్కుతుండగా స్టేషన్ చైర్మన్ జాంఫీ వచ్చాడు. పొట్టిగా, ఎప్పుడూ ఎవరో తరుముతున్నట్టు నడిచే మనిషి. ఒక చేతిలో వ్యాన్ల నంబర్లు రాసుకున్న కాగితం, ఇంకో చేతిలో బూడిదరంగు డబ్బా. కొత్త మరుగుదొడ్లు తెరవడానికి రేపు మంత్రిగారు వస్తున్నారనీ, ఆయన కళ్లబడకూడని మాటలు తొమ్మిది వ్యాన్ల మీద ఉన్నాయనీ, చీకటిపడేలోపు అవి కనబడకుండా పోవాలనీ చెప్పాడు. పీట మాటను వేలితో చూపించి, దీన్ని చూస్తే మంత్రిగారు ఏమనుకుంటారని అడిగాడు. మరుగుదొడ్ల కోసం నాలుగేళ్లుగా తిరిగి తిరిగి తన చెప్పులే కాదు, కాళ్లే అరిగిపోయాయని మొరపెట్టుకున్నాడు.

"అలాగే చైర్మన్ గారూ" అన్నాడు బెడియాకో.

మధ్యాహ్నానికి అయిదు మాటల మీద పూత పూశాడు. బావి పోయింది, ఈల పోయింది, పీట పోయింది. బూడిదరంగు నీళ్లలా పలుచగా ఉంది. ఒక పూత వేస్తే కింది అక్షరాలు తొంగి చూస్తున్నాయి, రెండోది వేస్తే కారిపోతోంది. కారిన ప్రతి చుక్కనూ తుడుచుకుంటూ, రంగు అమ్మినవాడినీ, కొన్నవాడినీ, గాలినీ తిట్టుకున్నాడు. డ్రైవర్లు చుట్టూ చేరి సూటిపోటి మాటలు విసిరారు. మాస్టారి కుడిచెయ్యి రాస్తే ఎడమచెయ్యి తుడుస్తుందని ఒకడన్నాడు. ఇక మీదట తన వ్యాను మీద 'నమస్కారం' అని మాత్రం రాయమన్నాడు ఇంకొకడు, అదైతే ఏ మంత్రికీ నొప్పి పుట్టదట. బెడియాకో పులిసిన మొక్కజొన్న పిండితో చేసిన కెంకే ముద్దను మిరప పచ్చడిలో అద్దుకుంటూ అన్నీ విన్నాడు. వేపిన చేప చల్లారిపోయింది. సగం తిని పక్కన పెట్టేశాడు.

ఆరో వ్యాను కొనాదుది.

కొనాదు ఆ స్టేషన్లో ఉన్న ఒకే ఒక్క ఆడ డ్రైవరు. ఏడేళ్ల క్రితం భర్త పోయినప్పుడు, ఆస్తి అక్కచెల్లెళ్ల పిల్లలకే చెందే ఆచారం ప్రకారం ఆ వ్యాను తమదేనని అతని మేనల్లుళ్లు వచ్చారు. అందరూ కూర్చున్న సభలో కొనాదు లేచి, దీని ఇంజను ఎవరు టమాటా బుట్టలు అమ్మిన డబ్బుతో కొన్నదో చెప్పమని అడిగింది. ఆడది సభలో అడగడమేంటని గోల లేచింది. ఆమె కూర్చోలేదు, అదే మాట మళ్లీ అడిగింది. మూడోసారికి కుటుంబ పెద్ద తల దించుకుని, వ్యాను ఆమెకే ఉండనివ్వమన్నాడు. మర్నాడు ఆమె బెడియాకో దగ్గరికి వచ్చి జరిగినదంతా చెప్పింది. ఆ ఒక్కసారే అతను కొత్త మాట వెతకలేదు. గోలలో ఆమె అన్నదే ఎర్రటి అక్షరాలతో రాశాడు: "అడిగితే తప్పా?"

ఇప్పుడామె వ్యాను పక్కన చేతులు కట్టుకుని నిలబడింది. అరవలేదు, అడ్డు పడలేదు.

"నువ్వు రాసిందే కదా మాస్టారూ, నువ్వే తుడువు. నేను చూస్తూ ఉంటాను" అంది. మళ్లీ తనే, "ఇంతకీ ఎవరు తుడవమన్నారు? మంత్రా? ఆర్డరు కాగితం చూశావా?" అని అడిగింది.

బెడియాకో కుంచె ముంచాడు. ఎత్తాడు. కుంచె కొసన బూడిదరంగు చుక్క సాగి మోచేతి మీద పడింది. పొద్దుట్నుంచి అయిదు వ్యాన్లు పూశాడు, ఈ ప్రశ్న తనకెందుకు తట్టలేదు? ఆమె మీద చిరాకు వేసింది. అంతకన్నా ఎక్కువగా తనమీదే వేసింది. కుంచెను డబ్బా మీద అడ్డంగా పెట్టి, ముక్కాలి పీట దిగి, స్టేషన్ మధ్యగా ఆఫీసు వైపు నడిచాడు. జనాన్ని కేకలేసి ఎక్కించుకునేవాళ్లు ఆ నడక చూసి కేకలు ఆపారు.

జాంఫీ రిబ్బను ముక్క కొలుస్తున్నాడు.

"చైర్మన్ గారూ, ఇవి తుడవమని ఎవరు చెప్పారు?"

జాంఫీకి మొదట ప్రశ్న అర్థం కాలేదు. ఈ మనిషి నోటి నుంచి ప్రశ్న రావడం అతనెప్పుడూ వినలేదు. "ఎవరో చెప్పాలా ఏంటి? మనకి తెలీదూ?" అన్నాడు.

"అంటే మంత్రిగారు చెప్పలేదా?"

"లేదు."

"కాగితం?"

"కాగితం లేదయ్యా. ఏంటి నీ గోల, నా ప్రాణం తియ్యకు."

బెడియాకో ఎదురుగా ఉన్న కుర్చీలో కూర్చున్నాడు. ఆ కుర్చీలో అతను ఇంతకుముందెప్పుడూ కూర్చోలేదు. ఊపిరి అందడం లేదు, నుదుటి నిండా చెమట. ఎవరూ చెప్పని మాట విని అయిదు వ్యాన్లు పాడుచేశాను అన్నాడు, ఫిర్యాదులా కాదు, తనకు తనే చెప్పుకుంటున్నట్టు. తరవాత, "నేనింక తుడవను. తుడిచినవి మళ్లీ రాస్తాను" అన్నాడు.

రేపట్నుంచి స్టేషన్లో చోటు ఉండదని జాంఫీ బెదిరించాడు. సరేనన్నాడు బెడియాకో. జాంఫీ నాలుగేళ్ల తిరుగుడంతా మళ్లీ ఏకరువు పెట్టాడు. బెడియాకో చివరిదాకా విన్నాడు, కుర్చీలోంచి మాత్రం లేవలేదు. చివరికి జాంఫీయే చెయ్యి విదిలించాడు.

"పో, నీ ఇష్టం. నేను చూడలేదు, నువ్వు రాయలేదు. వెళ్లు."

ఆ మధ్యాహ్నం బెడియాకో కన్నా తొందరగా రాసినవాడిని ఆ స్టేషన్లో ఎవరూ చూడలేదు. సుద్దగీత కూడా గీయలేదు. బావి మళ్లీ వచ్చింది, ఈల వచ్చింది. దుమ్ము వాలినా ఎత్తి పారేయలేదు. పొద్దున పెళ్లాం పేరు అడిగినవాడు వచ్చి, అమ్మ పేరే ఉంచమని చెప్పాడు. బెడియాకో నవ్వాడట, అది వాడు చాలాకాలం చెప్పుకున్నాడు. అయిదోదీ పూర్తయ్యాక కొనాదు వ్యాను నీడలో, వెనక చక్రానికి ఆనుకుని కూర్చుని మంచినీళ్లు అడిగాడు.

ఆమె మంచినీళ్ల ప్యాకెట్టు కొని తెచ్చేసరికి అతని తల ఒక పక్కకి ఒరిగి ఉంది. కునుకు తీస్తున్నాడనుకుని, లేపడం ఇష్టంలేక కాసేపు నిలబడింది. జనం ఎక్కారు, వ్యాను కదలాలి. భుజం తట్టింది. అప్పుడు తెలిసింది. ఎక్కినవాళ్లందర్నీ దించి వేరే బండి ఎక్కించి, పొకువాకు కబురు పంపి, వాళ్లొచ్చేదాకా ఆమె అతని పక్కనే నేలమీద కూర్చుంది.

మర్నాడు మంత్రిగారు వచ్చారు. ఫోనులో మాట్లాడుతూనే కారు దిగి, రిబ్బను కత్తిరించి, ఫోటో దిగి, ఫోనులో మాట్లాడుతూనే వెళ్లిపోయారు. తొమ్మిది వ్యాన్లూ వరసగా నిలబడి ఉన్నాయి. ఆయన ఒక్కదాని వైపూ చూడలేదు.

ఆయన కారు గేటు దాటాక జాంఫీ ఆఫీసుకు తిరిగొచ్చి గడప ముందు ఆగిపోయాడు. ఆ గదిలోకి వచ్చేటప్పుడు చెప్పులు విప్పమని అతను ఎవరితోనూ, ఎన్నడూ అనలేదు. ఒక్క బెడియాకో మాత్రం ఏళ్ల తరబడి విప్పే వచ్చేవాడు. నిన్న వెళ్లేటప్పుడు తొడుక్కోవడం మరిచిపోయినట్టున్నాడు. రబ్బరు చెప్పులు రెండూ గోడ వారగా, లోపలికి ముఖం పెట్టి, ఒద్దికగా ఉన్నాయి. కుడిదాని మడమ ఒకవైపు అరిగి పలచబడింది, పట్టీ మీద ఎండిపోయిన ఎర్రరంగు చుక్క ఒకటి ఉంది.