పొయ్యి మూల బిడ్డ

చర్చి వరండాకు పునాది తీస్తుంటే కంబన్న గడ్డపారకు కుండ తగిలింది. ఏదో పాత నీళ్లకుండ అనుకున్నాడు. పక్కల మట్టి తీసి చూస్తే లోపల పక్షి ఎముకల్లాంటి సన్నని ఎముకలు, అన్నీ కలిపి ఒక దోసిట్లో పట్టేటన్ని. పుర్రె ముక్కలు కోడిగుడ్డు పెంకుల్లా ఉన్నాయి.

"అయ్యగారూ, ఈడ ఎవరిదో పసిబిడ్డ ఉండాది," అన్నాడు గుంటలోంచే.

మా ఊరు బేతంచెర్లకు దగ్గర. ఇక్కడ ఎక్కడ తవ్వినా నాపరాయే వస్తుంది. కుండ రావడం మాకు కొత్త. మా పాస్టరు లేవి అయ్యగారికి మాత్రం అది కొత్తగా అనిపించలేదు. బైబిలు దేశాల్లో జరిగిన తవ్వకాలంటే ఆయనకు చాలా ఇష్టం. యెరికో గోడల గురించి ప్రసంగంలో చెప్పేటప్పుడు ఆయన చేతులు గాలిలోనే మట్టి తోస్తుంటాయి. నేను సండే స్కూలు పిల్లలకు పాఠం చెప్తాను కాబట్టి, తన దగ్గరున్న పాత పుస్తకాల్లోని బొమ్మలు నాకూ చూపిస్తుంటారు.

ఆ సాయంత్రం గెజెరు అనే పట్టణం బొమ్మ చూపించారు. నూరేళ్లకు ముందు అక్కడ తవ్వినవాళ్లకు నేల కింద కుండల్లో పసిబిడ్డల ఎముకలు దొరికాయట. అక్కడి పాత జనమైన కనానీయులు తమ బిడ్డల్ని బలి ఇచ్చారనడానికి ఇదే సాక్ష్యమని బొమ్మ కింద రాసి ఉంది.

"చూసినావా సలోమీ, మన ఊర్లో కూడా అదే ఆచారం ఉండిండాది," అన్నారు. కుండను ఫోటో తీసి, కర్నూలు కాలేజీలో పురావస్తు పాఠం చెప్పే తెలిసిన మేడంకు పంపారు. ఆమె వచ్చేదాకా ఎవరూ ముట్టకూడదని గుంట మీద గోనెపట్టా కప్పించారు.

ఆదివారం ఆయన రాజుల గ్రంథంలోని హీయేలు కథ తీసుకున్నారు. యెరికోను మళ్లీ కట్టించినవాడు హీయేలు. పునాది వేసినప్పుడు పెద్దకొడుకును, తలుపులు నిలిపినప్పుడు చిన్నకొడుకును పోగొట్టుకున్నాడు. ఇంటి నేలలో బిడ్డను పెట్టడం సాతానుకు ఇచ్చిన బలి అనీ, అలాంటి ఇంట్లో దీవెన నిలవదనీ, మన వరండా కింద దొరికింది కూడా అదేననీ అయ్యగారు చెప్పారు. ఆడవాళ్లు కొంగులు నెత్తిమీదికి లాక్కున్నారు.

అది ప్రభువు బల్ల ఆదివారం, అందరూ వరుసలో వచ్చి రొట్టె, ద్రాక్షరసం తీసుకునే రోజు. మా వీధి వరమ్మ పెద్దమ్మ నా ముందు నిలబడి ఉంది. వరుస కదిలి ఆమె బల్ల దాకా వచ్చింది. అయ్యగారు రొట్టె చేతికిచ్చేలోపు పక్కకు తప్పుకుని బయటికి వెళ్లిపోయింది. ఒంట్లో బాగలేదేమో అనుకున్నారు అందరూ.

మధ్యాహ్నం వాళ్లింటికి వెళ్లాను. గ్యాసు పొయ్యి, గిన్నెలు, ఉప్పు డబ్బా అన్నీ వాకిట్లో ఉన్నాయి. లోపల పొయ్యి మూల ఖాళీగా ఉంది. గోడకు గడ్డపార ఆనించి ఉంది.

"ఏం పెద్దమ్మా, ఇల్లు కడుగుతాండావా?"

"కడిగితే పోయేదైతే కడిగేదాన్నే. కూచో మే."

కూర్చున్నాను. ఆమె ఆ మూలకేసి చూస్తూ చెప్పింది.

"నాకు తొలికాన్పు ఆడబిడ్డ. పురిటి స్నానం కాకముందే పోయింది. పండ్లు రాని బిడ్డను ఊరి బయటికి మోయకూడదని మా అత్త కొత్త కుండ తెప్పించి ఈడ పెట్టించింది. 'ఇంటి బిడ్డ ఇంట్లోనే ఉండనీ, పొయ్యి దగ్గర వెచ్చగా ఉంటాది' అనింది. ఆయమ్మకు బాప్తిస్మం ల్యా, నాకు అయ్యిండె. వద్దని చెప్పాల్సింది నేనే. చెప్పలేదు. నాకు కూడా బిడ్డ దగ్గరుంటే బాగుండుననే ఉండె."

"పెదనాయనకు తెలుసా?"

"గుంత తీసింది ఆయనే కదా. పోయేదాకా ఆ మాట ఎత్తలేదు. చలికాలం వస్తే మాత్రం కట్టెలు శానా తెచ్చేటోడు."

చీర కుచ్చిళ్లు సర్దుకుంటూ అంది. "అది బలి అని నాకు ఎరికల్యా మే. రేపు మాపు కంబన్నను పిలిచి తవ్విస్తా. సమాధుల తోటలో చోటిస్తే ఆడ పెడతా. ఇయ్యకపోతే వంకలో..."

"ఇన్నేళ్లకు ఏమన్నా మిగిలుంటాదా పెద్దమ్మా?" అనేశాను. అనకుండా ఉండాల్సింది.

"అదే నా భయం. కుండ పగిలిపోయి అంతా మట్టే వస్తే, ఏ మట్టి తీసుకుపోవల్ల, ఏ మట్టి ఇడిసిపెట్టల్ల?"

మర్నాడు కర్నూలు నుంచి శివాని మేడం వచ్చింది. చెప్పులు విప్పి గుంటలోకి దిగి, చిన్న బ్రష్షుతో కుండ చుట్టూ మట్టి తుడవడం మొదలుపెట్టింది. కంబన్న గట్టుమీద గొంతుక్కూర్చుని చూస్తున్నాడు.

"ఏం మేడం, నేను గంటలో తీసేదాన్ని నువ్వు పెండ్లికూతురికి తల దువ్వినట్టు దువ్వుతాండావే."

"నువ్వు గంటలో తీసుంటే నాకు పెంకులే మిగిలేవి కంబన్నా. ఆ నీళ్ల సీసా ఇటివ్వు."

వరమ్మ పెద్దమ్మ ఎప్పుడు వచ్చిందో, గోడ నీడలో చేతులు కట్టుకుని నిలబడి ఉంది. అయ్యగారిని చూసి తల దించుకుంది.

ఎండ నడినెత్తికి వచ్చేసరికి కుండ కింద పేడతో అలికిన నేల పొర బయటపడింది. దాని పక్కనే బూడిద.

"ఇది ఇల్లు అయ్యగారూ," అంది మేడం. "మూడు వేల ఏళ్లు దాటి ఉంటుంది. ఈ బూడిద పొయ్యిది. పొయ్యి పక్కనే బిడ్డను పెట్టారు."

అయ్యగారు తన పుస్తకం తెచ్చి గెజెరు బొమ్మ చూపించారు. ఆమె చేతులు దులుపుకుని చూసింది.

"వీళ్లు బైబిలు చదివి తవ్వడానికి వెళ్లినవాళ్లు. బలుల సంగతి ముందే తెలుసు కాబట్టి కుండ కనపడగానే బలి అన్నారు. తర్వాతి వాళ్లు నిదానంగా ఎముకలు చూశారు. అప్పుడే పుట్టినవాళ్లు, నెల తిరగనివాళ్లు. ఆ కాలంలో శానామంది పసిపిల్లలు బతికేవాళ్లు కాదు. అవి మామూలు చావులేనని ఇప్పుడు ఎక్కువమంది అంటారు. ఆ దేశంలో ఇంకా ఎన్నో చోట్ల ఇట్లాగే ఇంటి నేల కింద దొరికారు."

"అయితే హీయేలు కథ అబద్ధమంటావా తల్లీ?"

"అనను. బలులు ఎక్కడా లేవనీ అనను. ఈ బిడ్డను బలి ఇచ్చారని చెప్పడానికి ఈ కుండలో ఏమీ లేదంటున్నా. ఎముక మీద కత్తిగాటు లేదు, కాలిన మరక లేదు. ఇదిగో, ఒక చిన్న మట్టిగిన్నె మాత్రం పెట్టారు."

"పాలకా?" అంది వరమ్మ పెద్దమ్మ.

మేడం తలెత్తి చూసింది. "అయ్యుండొచ్చమ్మా. రుజువు చేయలేను."

"నేను ఉగ్గుగిన్నె పెట్టినా నా బిడ్డకు. మా పొయ్యి మూలలో."

కంబన్న గట్టుమీంచి లేచి దూరంగా వెళ్లి నిలబడ్డాడు. అయ్యగారికి ఆ మాట అర్థం కావడానికి కాస్త సమయం పట్టింది. అర్థమయ్యాక పుస్తకం మూశారు. పేజీల మధ్య బొటనవేలు అట్లాగే ఉండిపోయింది.

"అందుకేనా బల్ల దగ్గర..."

"ఊఁ."

"వచ్చే ఆదివారం నేను తప్పు చెప్పినానని అందరి ముందరా చెప్తా వరమ్మా."

"ఆదివారం సంగతి ఆదివారం చూద్దాం అయ్యా. నేను రేపు తవ్వల్లా, వద్దా? అది చెప్పు."

ఆయన గుంటలోని కుండను చూశారు. "వద్దు," అన్నారు. "ఎవరూ కదిలించొద్దు."

"అయితే రా. నా బిడ్డ మీద ఇంతవరకు ఎవరూ ప్రార్థన చేయలేదు."

మేడంకు ఇంకా పని ఉంది, కంబన్నను అక్కడే ఉంచుకుంది. మేం ముగ్గురం వరమ్మ పెద్దమ్మ ఇంటికి నడిచాం. అయ్యగారు గడప దగ్గర చెప్పులు విప్పారు. పెద్దమ్మ పొయ్యి మూలలో నేల మీద అరచెయ్యి పెట్టి, "ఈడ," అని చూపించింది.

"పేరేం పెట్టినారు?"

"పెట్టలేదు. ఆడబిడ్డ అని చెప్పు, దేవునికి ఎరికే."

ఆయన మోకరించారు. సమాధి దగ్గర చదివే మాటలు మొదలుపెట్టి, మధ్యలో ఆపి, సొంత మాటల్లోకి దిగారు. తల్లి ఈ బిడ్డను ఎవరికీ ఇవ్వలేదనీ, తన దగ్గరే ఉంచుకుందనీ, ఆ సంగతి తెలియక తాను నోరు జారాననీ చెప్పారు.

పెద్దమ్మ కళ్లు మూసుకోలేదు. నేల మీది చెయ్యి తీయకుండా వింటూ, ఆయన ముగించకముందే ఆమెన్ అంది. అయ్యగారు అక్కడితో ఆపారు.