గ్రూపులో పెట్టిన కబురు

మొగిలమ్మ ధర్మసాగర్ బస్సు దిగి, చేపల పులుసు పోసిన టిఫిన్ డబ్బాను కొంగుతో పట్టుకుని మట్టెవాడకు నడిచింది. మంచం పట్టిన అన్న సారంగపాణి కిందటి వారం ఫోన్‌లో నోరు తెరిచి అడిగాడు. "చెల్లె, నీ చేతి పులుసు తినాలనిపిస్తాంది. జర వండుకరా." ఆయన ఏదైనా అడగడమే అరుదు. అందుకే మంచి చేప దొరికేదాకా ఆగి, వండి తెచ్చింది.

అన్న ఇంటి ముందు టెంటు వేసి ఉంది. లోపల అన్న ఫోటోకు దండ ఉంది. సారంగపాణి పోయి అది మూడో రోజు.

మేనల్లుడు రమాకాంత్ ఎదురొచ్చాడు. టెక్నాలజీ వచ్చాక మనుషుల మాటలు, సంబంధాలు ఎలా మారాయన్నదే అతని పరిశోధన. సెల్‌ఫోన్ దూరాన్ని చెరిపేసిందని అతను రాసిన పుస్తకం అచ్చులో ఉంది. మేనత్త చేతిలో డబ్బా చూడగానే ఆమెకు కబురు అందలేదని అతనికి అర్థమైంది.

"గ్రూపుల పెట్టిన అత్తమ్మా. అందరికి ఎర్కైందనుకున్న."

"గ్రూపంటె నాకేం ఎర్క బిడ్డా? నాకాడున్నది మాట్లాడే ఫోనే. ఒక్కసారి కొడితే ఉరికస్తుంటి గద. మా అన్న మొకం సూసుకుంటుంటి."

తండ్రి పోయిన ఉదయం రమాకాంత్ చుట్టాల వాట్సాప్ గ్రూపులో కబురు పెట్టగానే, వరసగా దండం పెట్టే చేతుల బొమ్మలు వచ్చాయి. వాటిని చూసి అందరికీ చెప్పినట్టే అనుకున్నాడు. దహనం వేళ చెల్లెలు ఏదని ఒకరిద్దరు అడిగినా, ఎవరో చెప్పే ఉంటారని ఊరుకున్నారు. మనలో ఎంతమందిమి ఇలా ఊరుకోవడం లేదు చెప్పండి? ఒకప్పుడు చావు కబురు తీసుకుని మనిషి వెళ్లేవాడు. గడపలో నిలబడి చెప్పేవాడు, విన్నవాళ్లు కూలబడితే పట్టుకునేవాడు.

పిట్టకు పెట్టే వేళకు అందరూ శ్మశానానికి వెళ్లారు. పోయినవారికి ఇష్టమైనవన్నీ విస్తట్లో పెట్టి, కాకి ముట్టేదాకా కాచుకునే ఆచారమది. మొగిలమ్మ డబ్బా మూత తీసి పులుసు వడ్డించింది.

"అన్నా, జర ఆలిశమైంది. తిను."

కాకి వచ్చి ముట్టింది. అందరూ లేచారు. మొగిలమ్మ లేవలేదు. రమాకాంత్ ఆమె పక్కన మట్టిలోనే కూర్చున్నాడు.

"తప్పు నాదే అత్తమ్మా. కబురు పెట్టిన గని, నీకు చేరిందా అని సూడలే. చేరని కబురు చెప్పినట్టు కాదు. గా ముక్క నా పుస్తకంల లేదు."

"పుస్తకం సంగతి నాకెర్క లేదు. ఆఖరికి మీ నాయిన మొకం ఎట్లుండె బిడ్డా?"

అతను ఫోన్ తీసి ఫోటో వెతకబోయాడు.

"అండ్ల నాకు సూపు ఆనదు. నువ్వు నోటితోని చెప్పు."

రమాకాంత్ ఫోన్ జేబులో పెట్టి, ఆమె చెయ్యి పట్టుకుని, ఆ ఉదయం చెప్పవలసిన కబురును మొదటినుంచి చెప్పాడు.