బుల్లబ్బాయి గారి గొంతు

అమీర్‌పేటలో అనుదీప్ షాపుకు ఏ ల్యాప్‌టాప్ వచ్చినా ముందుగా యాంటీవైరస్ ఆపేసేవాడు. ఆ తర్వాతే పెన్‌డ్రైవ్ పెట్టి, కొనని విండోస్‌ను కొన్నట్టు చూపే యాక్టివేటర్ నడిపేవాడు. రెండు నిమిషాల్లో దొంగ విండోస్ దొరసానిలా కూర్చునేది. కుక్కను కట్టేసి దొంగకు తలుపు తీయడమే ఇది, కానీ ఆ వీధిలో దీన్ని సర్వీసు అంటారు.

"యాంటీవైరస్ ఉత్తగనే మొత్తుకుంటది మేడమ్. ఎర్రగ ఏమన్న వస్తే 'అలౌ' నొక్కుండ్రి, ఫికర్ చేయకుండ్రి," అని ల్యాప్‌టాప్ తెచ్చిన మధురానగర్ అరుణాదేవికి కూడా చెప్పాడు.

ఆమె భర్త బుల్లబ్బాయికి క్యాన్సర్ వచ్చి స్వరపేటిక తీసేశారు. ఆపరేషన్‌కు ముందు ఆయన నెల్లాళ్లు కూర్చుని తన గొంతు రికార్డు చేసుకున్నాడు. టైపు చేస్తే ఆ గొంతుతోనే పలికే సాఫ్ట్‌వేర్ చేయించుకోవాలని ఆశ. ఆ రికార్డులు ఆ ల్యాప్‌టాప్‌లో తప్ప మరెక్కడా లేవు. స్పీకర్ పనిచేస్తోందో లేదో చూడటానికి అనుదీప్ ఆ రోజు వాటిలో ఒకటి పెట్టి విన్నాడు. "అరుణా, కాస్త చారు పొయ్యి."

మూడు వారాలకు భార్యాభర్తలు మళ్లీ వచ్చారు. ఫైళ్లన్నింటికీ ఎవరో తాళం వేశారు, తెర మీద డబ్బు అడిగే నోటీసు. అనుదీప్ రెండు రోజులు కుస్తీ పట్టి, చివరికి పంజాగుట్టలో డేటా తీసిచ్చే తేజ దగ్గరికి మోసుకెళ్లాడు.

"నీ యాక్టివేటర్ నుంచే గీ వైరస్ వచ్చిందన్నా. గిది ఇగ తెరుచుకోదు," అన్నాడు తేజ.

తిరిగి వస్తుంటే ఆ గొంతు వెంటబడింది. మెట్రో మెట్ల మీద, హోటల్లో పక్క టేబుల్ నుంచి, చారు పొయ్యమంటూనే ఉంది. వెనక్కి తిరిగితే ఎవరూ లేరు. అతనికి భయం వేసింది.

మర్నాడు భార్యాభర్తలిద్దరూ షాపుకొచ్చారు. ఫైళ్లు ఇక తెరుచుకోవని వినగానే అరుణాదేవి కుర్చీలో కూలబడింది.

"నేనే బాబూ. ఎర్రగా వస్తే నొక్కేశాను. ఈయన గొంతు నా చేతులారా పోగొట్టాను."

నోరు మూసుకుంటే అనుదీప్ పరువు దక్కేది. ఆమె ఆ పాపాన్ని బతికినంత కాలం మోసేది.

"మీ తప్పు కాదు మేడమ్. ఆ వైరస్ నేనే ఎక్కించిన. నొక్కుమని సుత నేనే చెప్పిన."

బుల్లబ్బాయి దిగ్గున లేచాడు. ముఖం కందిపోయింది. పెదవులు గబగబా కదిలాయి. మెడకు కట్టిన గుడ్డ వెనక ఊపిరి బుసకొట్టింది తప్ప మాట రాలేదు. అయినా ఆయన ఆపలేదు. అనుదీప్ తలవంచుకుని నిలబడ్డాడు.

అరుణాదేవి కాసేపు భర్త పెదవుల వైపే చూసింది.

"ఏమంటున్నారో నాకూ తెలియడం లేదు బాబూ," అంది.