బట్లరుగారి సబ్బు

ఆంబ్రోస్ టిడ్‌మార్ష్ పదకొండేళ్ళు సినిమాల్లో బట్లరు వేషం వేశాడు. అన్నీ మూకీలే. లండను శివార్లలో అద్దాల కొట్టం ఒకటుండేది, అందులో తీసేవారు. ఎండ ఉంటే పని, పొగమంచు కమ్మితే ఇంటికి. తెరమీద అతని పేరు ఎన్నడూ పడలేదు. అయినా ముఖాన దుఃఖం పలికించాలంటే టిడ్‌మార్ష్ తరవాతే ఎవరైనా అని అనేవారు.

మాట వినబడదు కనుక పెదాలు కదిలితే చాలు. ఏమన్నా ఒకటే. టిడ్‌మార్ష్‌కి మతిమరుపు. పొద్దున్న భార్య ఈడిత్ చెప్పిన సరుకుల్ని వేషంలో ఉండగానే వల్లె వేసుకునేవాడు. ఒక సినిమాలో దొరసాని ప్రాణం పోతోంది. మంచం పక్కన మోకరిల్లి, "పొగబెట్టిన చేపలు రెండు, ఉల్లిపాయలు, సబ్బు... సబ్బు..." అన్నాడు. కెమెరా తిప్పేవాడు కళ్ళు తుడుచుకున్నాడు.

ఆ బొమ్మ ఆడిన నెలలోపే ఉత్తరం వచ్చింది. డైరెక్టరు పెల్లింగ్ అతన్ని పిలిచాడు.

"ఏమయ్యా, ఓ ఊళ్ళో చెవిటివాళ్ళ సంఘం ఉందట. ముప్పైమంది ముందు వరసలో కూర్చుని, దొరసాని పోతుంటే పకపకా నవ్వారట. హాలువాడు మండిపడుతున్నాడు."

"ఎందుకు నవ్వారండీ?"

"వాళ్ళు పెదాలు చూసి మాట పట్టేస్తారు. ఇంతకీ సబ్బు తెచ్చావా?"

"లేదండీ. మరిచిపోయాను."

"ఇకమీద కాగితంలో ఉన్న మాటే అను. చేతకాకపోతే ఇంటికి పో. బట్లర్లకేం కరువా?"

టిడ్‌మార్ష్ హడలిపోయాడు. యాభై నాలుగేళ్ళవాడు, మరో పని రాదు. మర్నాడు అయ్యగారికి కొడుకు చావు కబురు చెప్పే ఘట్టం. "అయ్యా, చిన్నదొరగారు ఇక లేరు" అని అక్షరం పొల్లుపోకుండా అన్నాడు. ముఖం చెక్కలా ఉంది. ఏడుసార్లు తీశారు. ఏడుసార్లూ చెక్కే.

"ఇన్నాళ్ళూ నీ ఏడుపంతా చేపలకోసమా?" అన్నాడు పెల్లింగ్.

"కాదండీ. అవి మరిచిపోతే ఈడిత్ చూసే చూపుంటుందండీ, దానికి."

చివరికి అతన్ని కెమెరాకి వీపు పెట్టి నిలబెట్టారు. మూడు సినిమాల్లో వీపే. వీపుకి ఇతనే కావాలా, ఎవరైనా చాలు కదా అని పెల్లింగ్ అనుకుంటూ ఉండగా రెండో ఉత్తరం వచ్చింది. టిడ్‌మార్ష్ ఎదటే పైకి చదివాడు.

"మా బట్లరును ఎందుకు వెనక్కి తిప్పేశారు? మాకు అర్థమయ్యే మాట చెప్పేవాడు అతనొక్కడే. తక్కినవాళ్ళు ఊరికే నోళ్ళాడిస్తారు. సబ్బు సంగతి ఇంకా తేలలేదు. తేలేదాకా ముప్పైమందిమీ సినిమాకు రాము."

కింద హాలువాడి సంతకం కూడా ఉంది.

పెల్లింగ్ ఉత్తరం మడిచాడు. "ఇటు తిరుగు" అన్నాడు.

ఆ రోజు అయ్యగారికి ఉరిశిక్ష పడిన ఘట్టం. టిడ్‌మార్ష్ వెండిపళ్ళెం పట్టుకుని కెమెరాకేసి నడిచి వచ్చాడు. కళ్ళనిండా నీళ్ళు. పెదాలు నింపాదిగా, విడివిడిగా కదిలాయి.

"సబ్బు తెచ్చాను. చేపలు మరిచిపోయాను."