ఎనిమిదో వరస

ఆ ఊళ్ళో దీపాలు లేవు. మనుషులు మాట్లాడితే వెలుతురు వచ్చేది, ఊరుకుంటే పోయేది. పొద్దు వాలగానే వీధి వీధంతా కబుర్లకి దిగేది. కూరగాయలమ్మే మనిషి తక్కెడ ముల్లు కనపడటం కోసమే బేరం సాగదీసేవాడు. పోట్లాటల్లో మాత్రం మెరుపులే తప్ప వెలుగుండేది కాదు. ఎవరి వెలుగు ఎంతన్నది వాళ్ళ గొంతును బట్టి ఉంటుందని అందరి నమ్మకం.

కళ్ళజోళ్ళాయనకి ఆ నమ్మకం మరీ ఎక్కువ. దుకాణం వెనక గదే ఇల్లు. కళ్ళు పరీక్షించే అక్షరాల అట్ట భోజనాల బల్లకి ఎదురుగోడ మీదే వేలాడేది. పై వరసలో అరచేయంత అక్షరం, కిందికి పోనుపోను చిన్నవై ఎనిమిదో వరసలో ఆవగింజలు. భార్య మాట్లాడుతుంటే ఎన్నో వరస దాకా కనిపిస్తోందో చూసుకోవడం ఆయన అలవాటు. పెళ్ళైన కొత్తలో ఏడు. ఈ మధ్య మూడు దాటడం లేదు.

ఆవిడది అచ్చాఫీసులో ఉద్యోగం. రాతప్రతి ఆవిడ పైకి చదువుతుంటే, ఎదురుగా కూర్చున్న ప్రూఫ్‌రీడరు అచ్చుకాగితంలో తప్పులు దిద్దుతాడు. కామాలతో సహా చదవాలి. ఆ అలవాటు ఇంటిదాకా వచ్చింది. “గ్లాసు అందుకోండి, కామా, నా చెయ్యి తడిగా ఉంది, ఫుల్‌స్టాప్” అనేది.

ఒకరోజు పక్కింటి టైలరమ్మ చత్వారం జోడు కోసం వచ్చింది.

“మీకేం అన్నయ్యగారూ, ఇంట్లో సూర్యుణ్ణి పెట్టుకున్నారు. మొన్న బిల్లుపుస్తకాలు అచ్చుకిద్దామని వెళ్ళాను. వదినగారు చదువుతుంటే ఆ గదిలో సూదిలో దారం ఎక్కించొచ్చు. ఎక్కించి చూశాను కూడా!”

“ఆ గదిలో ఇంకెవరున్నారు?”

“ప్రూఫులాయన. ఆయనొక్కడే. ఏం?”

“ఊరికే” అంటూ ఆయన నల్ల అద్దాల జోడు తీసి ఆవిడ చేతిలో పెట్టాడు.

ఆ సాయంత్రం భోజనాల దగ్గర భార్య ఏదో చెబుతూనే ఉంది. ఆయన అట్ట చూస్తూనే ఉన్నాడు. వాడికి సూదిబెజ్జం కనపడేంత, నాకు మూడో వరస. 

“మరి మీరేమంటారు, ప్రశ్నార్థకం?”

“ఊఁ” అన్నాడు.

ఆవిడ లేచి గిన్నెలు తీసింది. మూడో వరస కూడా పోయింది.

మర్నాడు దుకాణానికి తాళం వేసి, చేతిలో పట్టే చిన్న అట్ట ఒకటి జేబులో పెట్టుకుని అచ్చాఫీసుకు వెళ్ళాడు. అది కిటికీల్లేని గది. ఆవిడ వీపు గుమ్మం వైపుంది. నడవలో నిలబడి అట్ట తీశాడు. ఎనిమిదో వరసలో ఆవగింజలు ఒక్కొక్కటీ లెక్కపెట్టొచ్చు. ఎదురుగా ప్రూఫ్‌రీడరు మెడ ముందుకు చాచి కూర్చున్నాడు. ముక్కు మీదికి జారిన జోడు ఈయన అమ్మిందే. తెలిసినవాడని తగ్గించి ఇచ్చాడు కూడా.

అలికిడికి ప్రూఫ్‌రీడరు తలెత్తి గుమ్మం వైపు చూశాడు. ఆవిడ చదువుతూనే ఉంది, అదే గొంతు, అదే స్థాయి. కానీ అట్ట మీద ఎనిమిదో వరస మాయమైంది. ఆరు పోయింది. నాలుగూ పోయింది.

“ఉండండమ్మా, వచ్చేస్తా” అని ప్రూఫ్‌రీడరు నడవలోకి వచ్చాడు. “రండి రండి. చూశారుగా, నా ధ్యాస ఇటు మళ్ళితే అక్కడ గుడ్డిచీకటి. ఒక్క కామా వినకపోతే నా ఉద్యోగం ఊడుతుందండీ! అయినా ఎల్లుండి నుంచి నేను ఇంకో గొంతు వెతుక్కోవాలి.”

“ఎందుకు?”

“ఆవిడ పై ఊరి శాఖకి వెళ్తున్నారుగా, మూడేళ్ళు. మీరు ఒప్పుకున్నారట?”

“నేనెప్పుడు ఒప్పుకున్నాను!”

“నాలుగుసార్లు అడిగారట. నాలుగుసార్లూ మీరు ఊఁ అన్నారట.”

ఆయన అట్ట మడిచి జేబులో పెట్టుకున్నాడు. భార్యని పిలవకుండానే వెనక్కి నడిచాడు.

సాయంత్రం ఆయన ఇంట్లోకి వచ్చేసరికి ఆవిడ బదిలీకి ఆయన సంతకం చేయాల్సిన సమ్మతి పత్రం బల్ల మీద ఉంది. కలం మూత తీసి ఉంది. ఆయన కుర్చీని బల్లకి అవతలివైపు వేసుకుని, అట్టకి వీపు పెట్టి కూర్చున్నాడు.

“మళ్ళీ చెప్పు.”

“నాలుగుసార్లు చెప్పాను.”

“ఐదోసారి చెప్పు. ఊఁ అనను.”

ఆవిడ కాగితం వైపే చూస్తూ మొదలుపెట్టింది. “మొదటిసారి చెప్పినప్పుడు నాకు వెళ్ళాలని లేదు, కామా, వద్దంటారేమో చూద్దామని చెప్పాను, కామా, మీరు గోడ చూసి ఊఁ అన్నారు, కామా...”

అక్కడ తలెత్తి, ఆగిపోయింది.

“మీ చెవి దగ్గర నెరిసిందే!”

“ఎప్పుడో నెరిసింది. కామా దగ్గర ఆగావు, చెప్పు.”

ఆవిడ కలానికి మూత పెట్టి, మిగతాది చెప్పసాగింది. గోడ మీద ఎనిమిదో వరస చాలాసేపు వెలుగుతూనే ఉంది. అటు చూసినవాళ్ళు లేరు.