కనుమ ఎక్కించినది ఎవరు

"ఉప్పు చాల్లేదు చూడు. హైదరాబాదోళ్లు వచ్చిండారు, మన మర్యాద పోతాది" అంది మా అత్త ఈశ్వరమ్మ, నేను బజ్జీలకు పిండి కలుపుతుంటే.

హాల్లో టీవీ వాళ్లు లైట్లు పెట్టుకుంటున్నారు. గార్లదిన్నె నుంచి లదాఖ్ దాకా మా జీపులో పోతూ దారి పొడవునా తీసిన డాక్యుమెంటరీ సినిమా గురించి అడగడానికి వచ్చారు. మా జిల్లాలో అలాంటి సినిమా తీసిన ఆడవాళ్లు నాకు ముందు ఎవరూ లేరు. తీసినదాన్ని నేను. పిండి కలుపుతున్నదీ నేనే.

మా ఆయన చైతన్య గొంతు వంటింట్లోకి స్పష్టంగా వినిపిస్తోంది. "ఆ కనుమలో గాలి ఆడదప్పా. పక్కనే లోయ. ఫస్ట్ గేరులోనే ఎక్కించినా బండిని."

ఎవరు ఎక్కించింది? కనుమ మొదట్లోనే ఊపిరాడక ఆయన వెనక సీట్లో పడిపోయాడు. నేను కెమెరాను చున్నీతో డాష్‌బోర్డుకు కట్టి స్టీరింగు పట్టుకున్నాను. కరిగిన మంచునీళ్లలో జీపు జారుతుంటే, "నిలిపెయ్ ప్రసూనా, నిలిపెయ్!" అని అరిచాడు. నిలిపితే లోయలోకే. నిలపలేదు. కొండ దిగి గుడారం వేసి, ఆయనకు గంజి కాచి తాగించాను. కోలుకున్నాక ఆయన అన్న మొదటి మాట, "నువ్వు తోలినట్టు ఊర్లో చెప్పొద్దు. నవ్వుతారు." ఆ తోలడం మాత్రం ఊరికే వచ్చిందా? "వానల్లేక జనం సస్తాంటే ఈమెకు బండి కావాలంట" అని అత్త సణుగుతూనే ఉన్నా, మనుషులు కనబడని మధ్యాహ్నాల్లో, శనక్కాయ పీకేసిన చేనులో ఒక్కదాన్నే గేర్లు నేర్చుకున్నాను.

బజ్జీల పళ్లెంతో హాల్లోకి వెళ్లాను.

"మేడం, సార్‌కి కాఫీ ఇస్తున్నట్టు ఒక షాట్ తీసుకుందాం" అన్నాడు టీవీ విలేకరి. "అంత దూరం ప్రయాణంలో సార్‌కి తిండికి ఇబ్బంది లేకుండా ఎలా చూసుకున్నారు?"

చైతన్య నవ్వాడు. "అప్పుడప్పుడు కెమెరా కూడా పట్టుకునేదిలేప్పా."

అప్పుడప్పుడు! చలికి బ్యాటరీలు చచ్చిపోతుంటే స్వెట్టర్ లోపల దోపుకుని ఒంటి వేడితో బతికించుకున్నాను. వేళ్లు కొయ్యబారినా కెమెరా వదల్లేదు. తిరిగొచ్చాక, ఇంటిల్లిపాదికీ వండి వార్చిన తర్వాతే కూర్చుని ఒక్కో ముక్కా కూర్చాను. అదంతా ఆయన నోట్లో "అప్పుడప్పుడు" అయిపోయింది.

పళ్లెం కింద పెట్టాను. "ఆ సినిమా తీసింది నేను. కనుమ ఎక్కించింది నేను. అప్పుడు ఈయన తల పైకెత్తే స్థితిలో లేడు."

"ప్రసూనా! లోపలికి పో."

"నలుగురిలో మొగుడి పరువు తీస్తావా?" గుమ్మంలో నిలబడి అత్త గద్దించింది.

"ఆయన పరువు కోసం నా పని ఇచ్చేయల్లనా అత్తా?"

విలేకరి బిత్తరపోయి లైటు ఆర్పమని సైగ చేశాడు. "ఆర్పొద్దు. అడుగు" అని ఎదురుగా ఉన్న కుర్చీలో కూర్చున్నాను. మొదటి నుంచి చెప్పడం మొదలుపెట్టాను. చైతన్య లేచి వరండాలోకి పోయాడు.

టీవీ వాళ్ల బండి కదిలీ కదలకముందే లోపలికొచ్చాడు. "నవ్వులపాలు చేసినావు కదా! వచ్చే నెల రాజస్థాన్ ఎడారి అన్నావే, నేను రానంటే యాడికి పోతావో చూస్తా."

నేను బజ్జీ ఒకటి తీసుకుని కొరికాను. ఉప్పు సరిగ్గానే ఉంది.

"మీరు రావద్దనే చెప్దామనుకుంటాండా. పక్క సీటు కెమెరాకు కావల్ల."